ముందు వరుస

మా ఊరి చర్చి సంఘంలో బల్ల ఆదివారం నాడు అందరూ లేస్తారు, ఒక్క మా అమ్మ తప్ప.

నెలకోసారి అయ్యగారు రొట్టె, ద్రాక్షరసం బల్ల మీద పెట్టి, పైన కప్పిన తెల్లగుడ్డ తీసి, ఎవరి మీదైనా పగ ఉన్నవాళ్లు ముందు సమాధానపడి రమ్మని చెప్తారు. ఆ తర్వాత ఆడవాళ్లు కొంగులు తలమీదికి లాక్కుని, మగవాళ్లు చేతులు కట్టుకుని, వరుసగా వెళ్లి బల్ల ముందు మోకరిస్తారు. మా అమ్మ కమలమ్మ మాత్రం జంఖానా మీద అలాగే కూర్చుని ఉంటుంది. తల దించదు, పక్కకు జరగదు. పోయేవాళ్లు ఆమెను దాటుకునే పోవాలి, వచ్చేవాళ్లు ఆమెను దాటుకునే రావాలి.

చిన్నప్పుడు ఆ కాసేపు నాకు ప్రాణం పోయినంత పనయ్యేది. "మీ అమ్మ పాపం చేసింది, అందుకే బల్ల ముట్టుకోదు" అని సండే స్కూల్లో పిల్లలు ముఖం మీదే అనేవాళ్లు. కాస్త పెద్దయ్యాక ఆ పాపమేమిటో కూడా చెవిన పడింది. మా పెద్దబాపు జయరాజ్‌ను మా అమ్మే చెరుకుతోటలోకి పిలిచిందట. ఆయన ఛీ కొట్టి వచ్చాడట, సంఘం మీటింగులో పెద్దలు అదే తేల్చారట. పెద్దబాపు అంటే బాపుకు, మా నాన్నకు, సొంత అన్న. సంఘంలో స్టీవర్డు. రొట్టె పళ్లెం పట్టుకుని అయ్యగారి పక్కన నిలబడే మనిషి. నడి ఎండాకాలంలో కూడా తెల్లటి ఫుల్ చేతుల చొక్కా వేసి, మణికట్టు దగ్గర గుండీ పెట్టుకునే మనిషి. అంతటి పెద్దమనిషి అబద్ధమాడతాడని ఎవరనుకుంటారు? అమ్మ మీద కోపంతోనే నేను టౌన్ హాస్టల్‌కు పోయాను. నిజామాబాద్‌లోనే చదువుకున్నాను, అక్కడే టీచర్నయ్యాను, అక్కడే విజయ్ పాల్‌ను పెళ్లి చేసుకున్నాను. ఇంటికి వస్తే క్రిస్మస్‌కు రావడం, లేకపోతే ఎవరైనా పోతే రావడం.

ఆ ఏడు మాత్రం ఈస్టర్‌కు ముందు వచ్చే శ్రమదినాలు మొదలైన వారంలోనే బ్యాగు పట్టుకుని ఊళ్లో దిగాను.

ప్రశ్నపత్రాలు చూడాలని మా స్కూల్ కరస్పాండెంట్ తన గదికి పిలిచాడు. తలుపు దగ్గరికి వేసి నా నడుం మీద చెయ్యి వేశాడు. నేను అరిచాను. అరిచి ఊరుకోలేదు, స్టాఫ్ రూమ్‌కు వచ్చి అందరి ముందూ చెప్పాను. ప్రిన్సిపల్ మేడం నాకంటే పెద్దావిడ, ఇద్దరు ఆడపిల్లల తల్లి. ఆమె చేతిలో ఉన్న టీ నింపాదిగా పూర్తి చేసి, "సార్ అలాంటోళ్లు కాదు లిడియా. నువ్వే ఏదో అనుకున్నట్టున్నవ్. వెళ్లి సారీ చెప్పు" అంది. మిగతావాళ్లు ఆన్సర్ పేపర్లలోకి తలలు దూర్చారు. ఇంటికి వచ్చి విజయ్‌కి చెబితే, "వాళ్లు పెద్దోళ్లు. మనకెందుకు లొల్లి? ఇంకో స్కూల్ చూస్కో" అన్నాడు. ఒళ్లంతా కారం పూసినట్టు మండుతుంటే ఆ ఇంట్లో ఉండబుద్ధి కాలేదు.

నేను వెళ్లేసరికి అమ్మ వాకిట్లో కూర్చుని కొయితకు పదును పెడుతోంది. చెరుకు కొట్టే కత్తిని మావైపు కొయిత అంటారు. అమ్మ నన్ను చూసింది, నా బ్యాగును చూసింది.

"సెలవులా?"

"కాదు. నౌకరి ఇడిశిపెట్టిన."

"ఎవడన్న చెయ్యేసిండా?"

విజయ్‌తో గొడవా అని అడుగుతుందనుకున్నాను, ఇంకేదో అడుగుతుందనుకున్నాను. తలూపాను. అమ్మ కొయిత అంచును బొటనవేలితో చూసుకుంది.

"అన్నం తిన్నవా?" అంది.

నాకు ఒళ్లు మండింది. "గంతేనా అమ్మా? కడుపుల పుట్టిన బిడ్డ గిట్ల చెప్తే అన్నం తిన్నవా అంటవా?"

"తినకుంటే కోపం ఎక్వ దినాలు నిలవదు బిడ్డా. లే, తిను."

ఇదేం తల్లిరా దేవుడా అనుకున్నాను. తిన్నాను.

బోధన్ చక్కెర ఫ్యాక్టరీ మూతబడ్డాక మా చుట్టుపక్కల చెరుకు వేసేవాళ్లు తగ్గిపోయారు. అమ్మ మాత్రం ఉన్న కొద్దిపాటి పొలంలో చెరుకే వేస్తుంది. కొట్టడానికి మహారాష్ట్ర నుంచి గుంపు వస్తుంది. వాళ్లలో రుక్మాబాయి నేను పుట్టకముందు నుంచీ వస్తోందట. ఇప్పుడు ముసలిదైంది, అయినా రావడం మానలేదు. మరాఠీ, తెలుగు కలిపి కొడుతుంది. ఆ వారం నేనూ వాళ్లతో పాటు పొలంలోకి దిగాను. ఇంట్లో కూర్చుంటే పిచ్చెక్కేలా ఉంది. ప్రతి చెరుకు గడా మా కరస్పాండెంట్ మెడే అనుకుని కొడుతున్నాను.

రుక్మాబాయి నడుం మీద చెయ్యి పెట్టుకుని నన్నే చూస్తోంది. "కాయ్ గ పోరీ, గంత జోరుగ కొడుతున్నవ్? చెరుకు ఏం జేసింది నీకు?"

"ఏం జెయ్యలే. మనుషులు జేసిండ్రు."

"మీ అమ్మ సుత ఒకపారి గట్లనే కొట్టింది. చెరుకును కాదు."

నేను కొయిత ఆపాను. "ఎవర్ని?"

ఆమె అటూ ఇటూ చూసింది. అమ్మ దూరంగా, ట్రాక్టర్ దగ్గర ఉంది. "నీకు తెల్వదా? మీ పెద్దబాపును. నా కొయితతోని. ఆ దినం నేనే ఇచ్చిన."

తోట నిలువెత్తు పెరిగి ఉందట. బాపు ఫ్యాక్టరీలో సీజన్ డ్యూటీలో ఉన్నాడట. రుక్మాబాయి వాళ్లు పక్క పొలం కొడుతున్నారు. అమ్మ ఒక్కతే లోపల ఆకు దూస్తోంది. పెద్దబాపు వెనక నుంచి వచ్చి నోరు మూసి పట్టుకున్నాడు. అమ్మ చేతిలోని కొయితతో వెనక్కి వేటు వేసింది.

"గీడికెల్లి గీడిదాంక" అని రుక్మాబాయి తన మోచేతి కింద నుంచి మణికట్టు దాకా వేలితో గీత గీసి చూపించింది. "రక్తం బొటబొట కారవట్టె. దస్తీ సుట్టుకొని ఉరికిండు. నా కండ్లతోని చూసిన."

"మరి సంఘం మీటింగుకొచ్చి నువ్వెందుకు చెప్పలే?"

"ఎందుకు రాలే? వచ్చిన. గుడి బయటనే ఆపిండ్రు. నువ్వు మా సంఘం కాదు, పో అన్నరు. నేను పోలే. కిటికి కాడ నిలవడి అంత చూసిన. మీ అమ్మ ఒక్కటే మాట అన్నది. చొక్కా చెయ్యి పైకి మల్సుమనుండ్రి, కొయిత గాటు కనవడకుంటే నన్ను ఊర్లకెల్లి ఎల్లగొట్టుండ్రి అన్నది. ఒక్కడంటే ఒక్కడు మల్సుమనలే. పెద్దమనిషి చొక్కా ఎట్ల ముడుతం అన్నరు. మా జయరాజ్ గసుంటోడు కాదు అన్నరు."

గసుంటోడు కాదు. ఆ మాట చెవిన పడగానే నాకు ప్రిన్సిపల్ మేడం టీ గ్లాసు కళ్ల ముందు కదిలింది. ఊరు మారినా, ఏళ్లు గడిచినా, వీళ్ల నోళ్లలో మాట మాత్రం మారదన్నమాట.

"మా బాపు ఏమన్నడు?"

"ఏమంటడు? అన్న పక్కపొంటి కూసున్నడు, నేల చూసుకుంట." రుక్మాబాయి పక్కకు తిరిగి ఉమ్మేసింది. "తుఝీ ఆయి వాఘీణ్ ఆహే. మీ అమ్మ పులి."

బాపు పోయి చాలా ఏళ్లయింది. బతికి ఉంటే ఆ సాయంత్రమే కాలర్ పట్టుకుని అడిగేదాన్ని. ఆ రోజంతా నేను అమ్మ ముఖం చూడలేకపోయాను. ఆమె మాత్రం ఎప్పటిలాగే ట్రాక్టర్ డ్రైవర్‌తో, కట్టలు సరిగ్గా పేర్చలేదని కొట్లాడుతోంది.

తర్వాతి బల్ల ఆదివారం నేను అమ్మ పక్కనే కూర్చున్నాను. చిన్నప్పుడు సిగ్గుతో వెనక్కి, గోడ దగ్గరికి పోయేదాన్ని. అమ్మ ఎప్పుడూ ఒకే చోట కూర్చుంటుంది: ఆడవాళ్ల వైపు మొదటి వరుస, నడిచే దారిని ఆనుకుని. ఆ చోటు నుంచి ఏం కనిపిస్తుందో నాకు అంతవరకూ తెలియదు. పెద్దబాపు కనిపిస్తాడు. ఇంకేమీ కనిపించదు.

అందరూ లేచారు. మేం లేవలేదు. పెద్దబాపు రొట్టె పళ్లెం పట్టుకుని వచ్చి, అమ్మకు రెండడుగుల దూరంలో నిలబడ్డాడు. ఆయన నిలబడాల్సిన చోటు అదే. అమ్మ ఆయన ముఖంలోకి చూస్తోంది. కోపంగా కూడా కాదు, బస్సు కోసం చూసే మనిషిలా చూస్తోంది. ఆయన కళ్లు ఒకసారి ఇటు వచ్చి, చటుక్కున పళ్లెంలోకి పోయాయి. ఎడమచేయి తనంతట తానే కుడి మణికట్టు మీదికి పోయి, గుండీ సరిగ్గా ఉందో లేదో తడుముకుంది.

అప్పుడు తెలిసింది నాకు. సిగ్గుపడే మనిషి వెనక కూర్చుంటుంది. పాపం చేశానని కుమిలిపోయే మనిషి గోడ దగ్గరికి పోతుంది. మా అమ్మ ఇన్నేళ్లూ ముందు వరుస వదల్లేదు. అయ్యో, నేనెంత గుడ్డిదాన్ని!

ఇంటికి వచ్చాక అడిగాను. "గాడనే ఎందుకు కూసుంటవమ్మా?"

అమ్మ పొయ్యిలోకి చెరుకు పిప్పి తోస్తోంది. "రుక్మి చెప్పిందా?"

"చెప్పింది."

"దానికి నోరు ఆగదు." పిప్పి ఇంకాస్త ఎగదోసింది. "ఎనుక కూసుంటే గాయన మర్సిపోతడు బిడ్డా."

"మరి బల్ల ఎందుకు ముట్టుకోవు? తప్పు జేసింది గాయన, నువ్వెందుకు ఆకలికుండాలె?"

"పగ పెట్టుకొని ముట్టుకుంటే దేవునికి అబద్ధం చెప్పినట్టు. పగ ఇడిశిపెడితే నాకు నేను అబద్ధం చెప్పినట్టు. గందుకే కూసున్న."

నాకు ఏడుపు వచ్చింది. ఏడుస్తుంటే అమ్మ విసుక్కుంది. "ఊకో. ఏడిస్తే సల్లవడుతవ్."

ఆ ఏడు మా సంఘానికి కొత్త అయ్యగారు వచ్చారు. కుర్రాడు, మొదటి పోస్టింగు, గిటారు వాయిస్తాడు. మా ఊరి సంగతులేవీ తెలియవు. చర్చికి కొత్తగా హాలు కట్టారు. ముందుండి కట్టించింది పెద్దబాపు. ఆయన పేరు చెక్కిన రాయిని ఈస్టర్ రోజు తెరవాలని అనుకున్నారు. ఆ రోజు సంఘంలో ఒక్కరు కూడా బల్ల దగ్గరికి రాకుండా ఉండకూడదని అయ్యగారి పట్టుదల. అందుకని ఒక సాయంత్రం పెద్దబాపునూ, పెద్దమ్మ సౌందర్యమ్మనూ వెంటబెట్టుకుని మా ఇంటికి వచ్చారు.

అమ్మ కుర్చీలు వేసింది. పెద్దబాపు కూర్చుని, పైకప్పు వంక చూస్తూ, "నా దిక్కెల్లి ఏం లేదు కమలమ్మా. నేనెప్పుడో క్షమించిన" అన్నాడు.

క్షమించాడట! చేతిలో ఉన్న చాయ్ గ్లాసులు ఆయన నెత్తిన బోర్లించాలనిపించింది. పెద్దమ్మ కొంగు అంచు మడతపెడుతూ, విప్పుతూ కూర్చుంది. ఆమె గొంతు వినడమే అరుదు.

అయ్యగారు ఉత్సాహంగా ముందుకు వంగారు. "ఆంటీ, నాకో ఆలోచన వచ్చింది. ఈస్టర్‌కు ముందొచ్చే పెద్ద గురువారం సాయంత్రం ప్రభువు శిష్యుల పాదాలు కడిగినట్టు, మన అంకుల్ మీ పాదాలు కడుగుతారు. సంఘమంతా చూస్తుంది. మనసులో ఏమున్నా ఆ నీళ్లతో పోతుంది. ఏమంటారు అంకుల్?"

పెద్దబాపు ముఖంలో మొదట ఏదో అడ్డం వచ్చినట్టయింది. తర్వాత మెల్లగా వెలిగింది. ఊరంతా చూస్తుండగా తమ్ముడి పెళ్లాం కాళ్లు కడిగేంత తగ్గింపు గల మనిషి! రాయి మీద పేరుకు అది తోడైతే ఇంకేం కావాలి? "దానిదేమున్నది అయ్యగారూ, తగ్గించుకునుడే కద మన పని" అన్నాడు.

అమ్మ ఆయన చేతుల వంక చూసింది. చాలాసేపు చూసింది.

"సరే అయ్యగారూ. కడగమనుండ్రి."

నేను నోరు తెరవబోతే అమ్మ కళ్లతోనే ఆపింది. వాళ్లు లేచి గేటు దాటుతుంటే పెద్దమ్మను వెనక నుంచి పిలిచింది. "అక్కా, గురువారం నాడు తువ్వాల నువ్వే పట్టు. ఇంకెవ్వరికియ్యకు."

పెద్దమ్మ వెనక్కి తిరిగింది. ఇద్దరూ ఒకళ్లనొకళ్లు చూసుకున్నారు. "పడత తియ్యి కమలా" అని పోయింది.

వాళ్లు వెళ్లాక నేను ఇల్లు పీకి పందిరేశాను. "సిగ్గు లేదా అమ్మా? గిన్నేండ్లు పట్టుకొని కూసున్నదంత గిప్పుడు ఒక చెంబెడు నీళ్లకు ఇడిశిపెడుతవా? గాయన మంచోడైపోతడు, నువ్వు ఉత్తదానివైతవ్! గా పిల్ల పాస్టర్ ఏదో అన్నడని..."

"లిడియా." అమ్మ గొంతు పెంచలేదు. "గాయన ముఖం నువ్వు మొన్న సూసినవ్. నేను నెలనెల సూసిన. ఎవలకు ఎక్వ తెలుస్తది?"

ఆ తర్వాత గురువారం వచ్చేదాకా ఆమెతో సరిగ్గా మాట్లాడలేదు. కరస్పాండెంట్‌ను తలుచుకుని సగం, అమ్మను తలుచుకుని సగం పళ్లు కొరుక్కుంటూ గడిపాను. చెరుకు కొట్టడం ఆఖరుకొచ్చింది. రుక్మాబాయి వాళ్లు మూటలు సర్దుకుంటున్నారు.

గురువారం సాయంత్రం అమ్మ పొలం నుంచి వచ్చీరాగానే చర్చికి బయల్దేరింది. చీర మార్చుకుంది కానీ కాళ్లు కడుక్కోలేదు. చెరుకు మోళ్లు గీరుకున్న పాదాలు, పగిలిన మడమలు, వేళ్ల సందుల్లో ఎండిన నల్లమట్టి.

"కాళ్లన్న కడుక్కో అమ్మా" అన్నాను.

"కడిగేటోడు ఉన్నడు కద. నేనెందుకు కడుక్కోవాలె?"

ఆ రోజుల్లో మొదటిసారి నాకు నవ్వొచ్చింది.

చర్చి నిండిపోయింది. గుమ్మం బయట కూడా జనం. కిటికీ దగ్గర రుక్మాబాయి ముక్కుపుడక మెరిసింది. అయ్యగారు వాక్యం చదివి, గిటారు మీద ఒక పాట పాడారు. బల్ల ముందు ఒక కుర్చీ వేశారు. అమ్మ వెళ్లి అందులో కూర్చుంది, సంఘమంతటికీ ఎదురుగా. పెద్దబాపు మోకాళ్ల మీద చెయ్యి ఆనించుకుని, ఆయాసపడుతూ కింద కూర్చున్నాడు. పక్కన ప్లాస్టిక్ టబ్బు, స్టీలు చెంబు, గోరువెచ్చటి నీళ్లు. తువ్వాలు పట్టుకుని పెద్దమ్మ నిలబడింది.

అమ్మ చీర అంచు కొంచెం పైకి లాగి కుడికాలు టబ్బులో పెట్టింది. పెద్దబాపు వేళ్ల చివరలు తడిపి, పాదం మీద రెండు చుక్కలు చల్లి, తువ్వాలు కోసం చెయ్యి చాపాడు.

"గంతేనా బావా?" అంది అమ్మ. గొంతు చిన్నదే, కానీ అందరికీ వినిపించింది. "మట్టున్నది. రుద్దాలె."

ఎవరో పక్కకు తిరిగి నవ్వారు. పెద్దబాపు చేతులు నీళ్లలోకి ముంచాడు. చొక్కా అంచు తడిసింది.

"చొక్కా తడుస్తున్నది. చేతులు పైకి మల్సుకో బావా."

"పర్వలేదు, పర్వలేదు."

"అవును అంకుల్, మడవండి. పూర్తిగా తడిసిపోతుంది" అన్నారు అయ్యగారు, పాపం, సాయం చేస్తున్నాననుకుని.

"వద్దయ్యగారూ. ఏం కాదు."

అప్పుడు పెద్దమ్మ తువ్వాలు భుజం మీద వేసుకుంది. భర్త పక్కన గొంతుక్కూర్చుని, ఆయన కుడిచేయి తన ఒళ్లోకి తీసుకుంది. గుండీ తీసింది.

"సౌందర్యా" అన్నాడు పెద్దబాపు, పళ్ల మధ్య నుంచి.

ఆమె విననట్టే ఒక మడత మడిచింది. ఇంకో మడత. రోజూ ఉతికి, గంజి పెట్టి, ఇస్త్రీ చేసి ఇచ్చే ఆ చొక్కా చేతిని, బడికి పోయే పిల్లాడికి సర్దినట్టు నిదానంగా మోచేతి దాకా మడిచింది. మడిచి, ఆ చేతిని తిరిగి టబ్బు అంచు మీద పెట్టి లేచి నిలబడింది.

మోచేతి కింద నుంచి మణికట్టు దాకా ఏటవాలుగా ఒక మచ్చ. డాక్టర్ దగ్గరికి పోకుండా దాచుకున్న గాయమని చూడగానే తెలుస్తుంది. చర్మం ముడుతలు పడి, మధ్యలో ఉబ్బి, తెల్లగా ఉంది.

ఆనాటి మీటింగులో కూర్చున్న ముసలి పెద్ద ఒకాయన ముందు వరుస కుర్చీలో ఉన్నాడు. కళ్లద్దాలు తీసి, పంచెతో తుడిచి, మళ్లీ పెట్టుకుని చూశాడు. మా వెనక ఆడవాళ్లలో ఎవరో "ఓ యేసయ్యా" అన్నారు. ఆనాడు ఏం అనుకున్నారో, ఏ మాట ఎవరు అన్నారో, అక్కడున్న పెద్దవాళ్లందరికీ గుర్తుంది. నేను ఒక్కొక్కరి ముఖమే చూస్తూ పోయాను. ఒక్కరూ నా కళ్లలోకి చూడలేదు.

అయ్యగారికి మాత్రం ఏమీ తెలియదు. "అయ్యో అంకుల్, ఇంత పెద్ద దెబ్బ! ఎట్లా తగిలింది?" అని అడిగారు.

పెద్దబాపు మడిచిన చొక్కా చేతిని కిందికి లాక్కోబోయాడు.

"కొయిత దెబ్బ అయ్యగారూ" అంది అమ్మ. "చెరుకు కొట్టేది."

తర్వాత కాలు కాస్త ముందుకు చాపింది. "కడుగు బావా. నీళ్లు సల్లారుతున్నయి."

ఆయన కడిగాడు. ఇంకేం చేస్తాడు? లేచి పోతే ఒప్పుకున్నట్టే, కూర్చుంటే కడగాల్సిందే. వేళ్ల సందులు, మడమ పగుళ్లు, చీలమండ, అన్నీ రుద్ది కడిగాడు. నీళ్లు నల్లబడ్డాయి. ఒక కాలు అయ్యాక అమ్మ రెండో కాలు పెట్టింది. తొందరపడలేదు. నాకు జాలి కలగలేదు. అబద్ధం ఎందుకు చెప్పాలి, పండగలా అనిపించింది. ఆ చేతి మీద నీళ్లు పడ్డప్పుడల్లా నా కడుపులో మంట ఇంతింత చల్లారింది. పెద్దమ్మ వంగి అమ్మ పాదాలు తుడిచింది. తుడిచేటప్పుడు ఆమె కళ్లలోంచి నీళ్లు అమ్మ కాళ్ల మీద పడ్డాయి. వాటినీ తుడిచేసింది.

దారిలో అడిగాను. "పెద్దమ్మకు ముందుగాల్నే చెప్పినవా?"

"తువ్వాల పట్టుమన్న, గంతే. నువ్వు విన్నవ్ కద."

"మరి గామె ఎట్ల మల్సింది?"

"గా గాయానికి కట్టు కట్టింది ఎవలనుకున్నవ్? నన్ను అప్పుడు అడిగిండ్రు, నమ్మలే. గామెను అయితే అడుగనే లేదు."

ఈస్టర్ రోజు కొత్త హాలు ముందు రాయి మీద కప్పిన గుడ్డ అలాగే ఉంది. ఎవరూ తీయలేదు. పెద్దబాపు వచ్చాడు కానీ వెనక, గోడ దగ్గర కూర్చున్నాడు. చిన్నప్పుడు నేను కూర్చునే చోటు. ఆరాధనకు ముందు అయ్యగారు అమ్మ దగ్గరికి వచ్చి కింద కూర్చున్నారు. ఆయన కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"నాకు తెలియదు ఆంటీ. మన్నించండి. ఇవాళైనా బల్ల దగ్గరికి రండి."

"నీ తప్పేం లేదు నాయనా. పగ పోలే, ఎట్ల రావాలె?"

"ఇంకా పోలేదా?"

"పోలే" అంది అమ్మ, రైలు ఇంకా రాలేదని చెప్పినట్టు.

అందరూ లేచి బల్ల దగ్గరికి కదిలారు. అమ్మ కూర్చుంది, నేనూ కూర్చున్నాను. ఎక్కడో మధ్య వరుస నుంచి పెద్దమ్మ లేచింది. బల్ల దగ్గరికి పోతుందనుకున్నాను. మా దాకా వచ్చి, అమ్మ పక్కన జంఖానా సర్దుకుని కూర్చుంది. ఆమె కూడా బల్ల ముట్టుకోలేదు. పోయేవాళ్లు మా ముగ్గుర్నీ దాటుకుని పోయారు.

మర్నాడు అమ్మా నేనూ బస్సెక్కి నిజామాబాద్ వచ్చాం. కలెక్టరేట్‌లో ప్రజావాణికి పోయి కరస్పాండెంట్ మీద ఫిర్యాదు ఇచ్చాను. ఎన్ని టేబుళ్లు తిరుగుతుందో, ఏమవుతుందో తెలియదు. విజయ్ ఇంట్లో తల గోక్కుంటూ తిరిగాడు. "అత్తమ్మా, మీరన్న చెప్పుండ్రి దీనికి" అన్నాడు. "చెప్పిన బిడ్డా, చెప్పే తోలుకొచ్చిన" అంది అమ్మ.

ఆ వారాంతంలోనే స్కూల్ వార్షికోత్సవం. షామియానాలు, సీరియల్ లైట్లు, చెవులు పగిలే పాటలు. విజయ్ గేటు దాకా వచ్చి బైక్ మీదే ఆగిపోయాడు. మేం లోపలికి పోయాం. నన్ను చూసి ప్రిన్సిపల్ మేడం చేతిలో ఉన్న పూలగుచ్ఛం ఎవరికివ్వాలో మర్చిపోయింది. ఒక టీచర్ పరుగెత్తుకొచ్చి, "లిడియా, వెనకాల కూర్చోరాదూ, ముందు పేరెంట్స్ కోసం" అని గొణిగింది.

"నేను పేరెంట్‌నే" అంది అమ్మ. "గిది నా బిడ్డ."

మొదటి వరుస సోఫా అంచున, మైకుకు ఎదురుగా అమ్మ నన్ను కూర్చోబెట్టింది, తను పక్కన కూర్చుంది. కొంగు సర్దుకుంది. స్టేజి మీద కరస్పాండెంట్ పేరు పిలిచారు. ఆయన నవ్వుతూ లేచి, మైకు పట్టుకుని, "గౌరవనీయులైన తల్లిదండ్రులకు" అన్నాడు. అప్పుడు నన్ను చూశాడు. నవ్వు ముఖం మీదే ఆగిపోయింది. కళ్లు చటుక్కున చేతిలో కాగితం మీదికి పోయాయి. అమ్మ నా మోచేతిని పొడిచింది.

"జరంత ముందటికి జరుగు బిడ్డా" అంది. "గాయనకు మంచిగ కనవడాలె."